అన్నా పిన్ని బోర్డింగు

నేను 33 సంవత్సరాలు బోర్డింగు స్కూలులో పనిచేసినదాన్ని. 1974లో టీచరుగా చేరాను. మూడవ ఏటనుండి వార్డెను పనికూడ నామీదే పెట్టారు. ఈ పత్రిక చదివే తల్లులలో, తండ్రులలో బోర్డింగు అన్నం తిని పెరిగినవారు చాలామంది ఉంటారు గనుక ఆ జీవితాన్ని గూర్చి నేను వివరించనక్కరలేదు. తెల్లవారుజామున గంట, బావి దగ్గర వరుస, రేకు పెట్టెలు, పలుచని పప్పుచారు, ఆదివారం ఆరాధన అయ్యాక గుడ్డుకూర. పాఠం చెప్పడం ఒక ఎత్తు, అర్ధరాత్రి జ్వరంతో మూలుగుతున్న పిల్ల ప్రక్కన తడిగుడ్డ పట్టుకొని కూర్చోవడం ఒక ఎత్తు. ఈ రెండవ పని ఏ ట్రైనింగులోనూ నేర్పరు.

నేను ఇప్పుడు రాయబోయేది నా గూర్చి కాదు. జర్మనీ దేశంలో పుట్టి ఇంగ్లండులో కన్నుమూసిన ఒక టీచరమ్మ గూర్చి. అయితే ఆమె కథ వింటూ నేను దాచుకొన్న ఒక సంగతి బయటికి వచ్చింది. అదికూడ చెప్పకుండా రాస్తే సగమే రాసినట్లు అవుతుంది.

మా పెద్దమ్మాయి ఇంగ్లండులో కెంట్ అనే జిల్లాలో నర్సుగా ఉంది. ఆమెకు ఆపరేషన్ అయితే సాయంగా ఉందామని రెండేళ్ళ క్రితం వెళ్ళి అయిదు నెలలున్నాను. ఒక సాయంత్రం టి.వి.లో డోవర్ రేవు చూపిస్తున్నారు. రబ్బరు పడవలలో సముద్రం దాటి వచ్చిన మనుషులు, తడిసిన బట్టలు, భుజాలమీద దుప్పట్లు. వారిలో పిల్లలుకూడ ఉన్నారు.

"వీళ్ళెవరే?" అన్నాను.

"ఫ్రాన్సు వైపునుండి వస్తారమ్మా. వాళ్ళ దేశాల్లో ఉండలేక ఇక్కడ ఆశ్రయం అడుగుతారు. కొందరు రానివ్వమంటారు, కొందరు పంపెయ్యమంటారు. రోజూ ఇదే గొడవ" అంది అమ్మాయి.

ఆ ఆదివారం వాళ్ళ సంఘంలో టీ తాగుతుండగా ఈ మాటే వచ్చింది. అక్కడొక పెద్దావిడ, ఆమెకూడ రిటైరైన ఉపాధ్యాయురాలే, నేను బోర్డింగులో పనిచేశానని విని, "అయితే మీకు అన్నా ఎస్సింగర్ సంగతి తెలియాలి. ఆమె బడి ఈ జిల్లాలోనే ఉండేది" అంది. మరుసటి వారం కొన్ని కాగితాలు, రెండు పుస్తకాలు తెచ్చి ఇచ్చింది. నాకు ఇంగ్లీషు చదవడం వచ్చుగాని కళ్ళు సహకరించవు. అమ్మాయి మంచంమీద పడుకొని చదువుతుంటే నేను చిక్కుడుకాయలు ఒలుస్తూ విన్నాను.

అన్నా అంటే మనకు తోడబుట్టినవాడు గుర్తొస్తాడు గాని ఆమె పేరు అది. పిల్లలు ఆమెను టాంటె అన్నా అని పిలిచేవారు. టాంటె అంటే పిన్నియా, పెద్దమ్మా, మేనత్తా అని అడిగితే వాళ్ళ భాషలో అన్నిటికీ అదే మాటట. నేను పిన్ని అనుకొన్నాను.

1879లో జర్మనీలోని ఉల్మ్ పట్టణంలో ఒక యూదుల ఇంట ఆమె పుట్టింది. తొమ్మిదిమందిలో పెద్దపిల్ల. పెద్దపిల్ల అంటే ఏమిటో మన పల్లెల్లో చెప్పనక్కరలేదు. ఇరవయ్యవ ఏట అమెరికాలోని నాష్‌విల్‌లో ఉన్న బంధువుల ఇంటికి వెళ్ళింది. అక్కడ క్వేకర్లు అనే క్రైస్తవులతో ఆమెకు పరిచయమైంది. చాలాచోట్ల వారు పాదిరిగారు లేకుండానే మౌనంగా కూర్చుని ఆరాధిస్తారు. యుద్ధానికి పోము అంటారు. ఆకలిగొన్నవారికి అన్నం పెట్టడం వారి ఆరాధనలో ఒక భాగం అన్నట్లు ఉంటారు. వారి ప్రభావం ఆమెమీద జీవితాంతం ఉన్నది.

తర్వాత విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో చదువుకుంది. ఖర్చులకోసం ఏమి చేసిందో వినండి. జర్మను భాష పాఠాలు చెప్పింది, విద్యార్థులకు ఒక హాస్టలు పెట్టి నడిపింది. అక్కడ అమ్మాయిని చదవడం ఆపమని, "చూశావా, మొదటినుంచీ వార్డెనే!" అన్నాను.

మొదటి ప్రపంచయుద్ధం ముగిశాక 1919లో క్వేకర్ల సహాయకార్యక్రమంలో జర్మనీకి తిరిగి వచ్చింది. ఓడిపోయిన దేశం. పిల్లలు ఎండిపోయి ఉన్నారు. ఆమె ఊరూరా తిరిగి మేయర్లను, హెడ్మాస్టర్లను కలిసి, బడులలో వంటశాలలు పెట్టించి పిల్లలకు రోజుకు ఒకపూట వేడి భోజనం అందేటట్లు చేసే పనిలో ఉంది. మన మధ్యాహ్న భోజనం వంటిదే.

1926లో ఉల్మ్ దగ్గర హెర్లింగెన్ అనే గ్రామంలో తన అక్కచెల్లెళ్ళ తోడ్పాటుతో ఒక బోర్డింగు స్కూలు తెరిచింది. 18 మంది పిల్లలతో మొదలు. మగపిల్లలు, ఆడపిల్లలు కలిసి చదివేవారు. బెత్తం లేదు. టీచర్లను పిల్లలు పేర్లతోనే పిలిచేవారు. ఇది మాత్రం నాకు మింగుడు పడలేదు. మా బోర్డింగులో ఏ పిల్లవాడైనా నన్ను పేరుపెట్టి పిలిచివుంటే ఆ పూట అన్నం ఉండేది కాదు!

1933 జనవరిలో హిట్లరు అధికారంలోకి వచ్చాడు. ఏప్రిల్‌లో బడులమీద నాజీ జెండా ఎగురవేయాలని ఉత్తర్వు వచ్చింది. ఎగురవేయకపోతే బడి ఉండదు. ఎగురవేస్తే యూదుల పిల్లలు దాని క్రింద నిలబడాలి. అన్నా పిన్ని ఆ రోజుకు ఒక విహారయాత్ర పెట్టింది. పిల్లలందరూ, టీచర్లందరూ పొద్దున్నే అడవికి, కొండలకు వెళ్ళిపోయారు. జెండా ఎగిరింది, క్రింద ఒక్క ప్రాణి లేదు. ఇది చదివినప్పుడు అమ్మాయికూడ నవ్వింది, కుట్లు లాగుతున్నాయని పొట్ట పట్టుకొని మరీ నవ్వింది.

అయితే ఒక్క రోజు విహారయాత్రకు పోవచ్చు, ప్రతిరోజూ పోలేము గదా. ఈ దేశంలో పిల్లలను పెంచడం ఇక సాధ్యం కాదని చాలామందికంటె ముందే ఆమె గ్రహించింది. అప్పటికి ఆమెకు 53 ఏళ్ళు. ఇంగ్లండు వెళ్ళి అక్కడి క్వేకర్ల సహాయంతో కెంట్ జిల్లా ఆటర్డెన్ గ్రామంలో బన్స్ కోర్ట్ అనే పాత బంగళా అద్దెకు తీసుకొంది. తల్లిదండ్రులకు గుట్టుగా సంగతి తెలిపింది. 1933 శరదృతువులో 66 మంది పిల్లలు మూడు గుంపులుగా, వేర్వేరు దారులలో రైలెక్కారు. ఎవరికీ అనుమానం రాకూడదు గనుక స్టేషనులో ఏడవవద్దని తల్లులకూ పిల్లలకూ ముందే చెప్పారట.

చిక్కుడుకాయలు ప్రక్కన పెట్టేశాను. మా బోర్డింగు గేటు దగ్గర జూన్ నెలలో జరిగే ఏడుపులు నాకు తెలుసు. తల్లి కొంగు పట్టుకొని వదలని పిల్లలను నేనే బలవంతంగా విడదీసి లోపలికి తీసుకువెళ్ళాను. ఆ ఏడుపుకైనా అనుమతి లేని తల్లులు ఎట్లా నిలబడ్డారో! దసరాకు వస్తాడని మన తల్లులకు తెలుసు. వారికి అదికూడ తెలియదు.

పడవ డోవర్ రేవులో దిగింది. ఇప్పుడు టి.వి.లో చూపిస్తున్న అదే డోవర్. బస్సులలో బన్స్ కోర్ట్‌కు చేరారు. మర్నాడే పాఠాలు మొదలైనాయి. వార్డెను చేసినదాన్ని గనుక చెబుతున్నాను, అదే సరైన పని. క్రొత్తచోటికి వచ్చిన పిల్లవాడికి ఖాళీ ఇవ్వకూడదు.

డబ్బు ఎప్పుడూ చాలేది కాదు. టీచర్లకు తిండి, గది, కొద్దిపాటి జీతం. కూరగాయల తోట, కోళ్ళు, తేనెపెట్టెలు ఉండేవి. పిల్లలు, పెద్దలు అందరూ పాలుపుచ్చుకొని తోటపని, వంటింటి పని, మరమ్మతులు చేసేవారు. పెద్ద పెద్ద చదువులు చదివినవారుకూడ ఆ చిన్న బడిలో పాఠాలు చెప్పారు, ఎందుకంటే వారుకూడ పారిపోయి వచ్చినవారే. మొదట పెదవి విరిచిన ఇన్‌స్పెక్టర్లే కొన్నాళ్ళకు, ఇంత తక్కువ సామగ్రితో ఇంత చదువు ఎట్లా చెబుతున్నారని ఆశ్చర్యపడ్డారు.

ఇక నాకు నిద్రపట్టకుండా చేసిన భాగం.

1938 నవంబరు 9వ తేదీ రాత్రి జర్మనీ అంతటా యూదుల దుకాణాలు పగులగొట్టి, వారి సమాజమందిరాలు తగులబెట్టారు. అప్పుడు బ్రిటిషు ప్రభుత్వం, తల్లిదండ్రులు లేకుండా పిల్లలు మాత్రం రావచ్చని ఒప్పుకొంది. 17 ఏళ్ళ లోపువారు. ఖర్చు ఎవరైనా భరించాలి. యుద్ధం మొదలయ్యేలోపల, తొమ్మిది నెలలలో, దాదాపు పదివేలమంది పిల్లలు వచ్చారు. మొదటి గుంపు డిసెంబరు 2న హార్విచ్ రేవులో దిగింది. వారినందరినీ ఉంచడానికి ఇండ్లు లేవు. డోవర్‌కోర్ట్ అనే చోట సముద్రపు ఒడ్డున వేసవి సెలవులకోసం కట్టిన చిన్న చిన్న చెక్క గదులలో దించారు. వేసవికి కట్టినవి గదా, చలి కాగేందుకు ఏమీ లేదు. ఆ ఏడు మంచు తీవ్రంగా కురిసింది. ఆ శిబిరం నడపడానికి సహాయం చేయమని కబురు వస్తే అన్నా పిన్ని తన టీచర్లను, కొందరు పెద్ద విద్యార్థులను వెంటబెట్టుకొని వెళ్ళింది. ఆ టీచర్లలో హన్నా బెర్గాస్ అనే ఆమె ఆ దినాలను గూర్చి తర్వాత రాసిపెట్టింది.

పిల్లలను తమ ఇంటికి తీసుకువెళ్ళాలనుకొన్న కుటుంబాలవారు శని ఆదివారాలలో అక్కడికి వచ్చేవారు. పిల్లలు భోజనాలబల్లల దగ్గర కూర్చుని ఉంటే వీరు బల్లల మధ్య నడుస్తూ చూసేవారు. ముద్దుగా ఉన్న చిన్న ఆడపిల్లలను ముందు తీసుకొనేవారు. మీసాలు మొలుస్తున్న మగపిల్లలు మిగిలిపోయేవారు. పెద్దయ్యాక ఆ పిల్లలలో కొందరు దానిని పశువుల సంతతో పోల్చారు. వచ్చినవారు చెడ్డవారు కారు, జాలిపడి వచ్చినవారే. అయినా ఎన్నుకోబడనివాడు ఆ సాయంత్రం తన చెక్క గదికి తిరిగి నడచి వెళ్ళాలి గదా. అంత తొందరలో పిల్లలను పంపకం చేయడం అన్నా పిన్నికిగాని ఆమె టీచర్లకుగాని నచ్చలేదు. వీలైనంతమందిని తన బడికి తీసుకొంది. అందరినీ తీసుకోలేదు. తీసుకోలేకపోయింది.

అమ్మాయి పుస్తకం మూసి, "అమ్మా, ఏమయింది?" అంది. ఏమీ లేదన్నాను. ఆమెకు చెప్పింది మూడు రోజుల తర్వాత.

1977 నవంబరు 19న దివిసీమ మీదికి సముద్రం వచ్చింది. మా స్కూలు తీరానికి దూరంగా ఉంది గనుక మాకు పెంకులు ఎగిరిపోయాయి, చెట్లు పడ్డాయి, అంతే. అక్కడ వేలమంది పోయారు. ఊళ్ళకు ఊళ్ళు తుడిచిపెట్టుకుపోయాయి. రెండు వారాల తర్వాత ఒక సాయంత్రం మా కాంపౌండులోకి లారీ వచ్చింది. అందులో 34 మంది పిల్లలు. మాకు 15 మందికే చోటున్నదని మేనేజరు అయ్యగారు అన్నారు. "టీచరమ్మా, మీరే చూసి దించుకోండి. మిగతావారిని ఇంకో ఊరు తీసుకువెళ్తారు" అని చెప్పి ఆఫీసులోకి వెళ్ళిపోయారు.

నాకప్పుడు 28 ఏళ్ళు. ఎవరిని తీసుకోవాలో నాకెవరూ చెప్పలేదు. నేను అడిగిన ప్రశ్నలకు చక్కగా జవాబు చెప్పినవారిని దించాను. పనిలో సాయపడగల ఆడపిల్లలను దించాను. అక్కచెల్లెళ్ళను విడదీయలేదు, ఆ మాత్రం బుద్ధి ఉన్నది. లారీ అంచున ఒక పిల్లవాడు కూర్చుని ఉన్నాడు. ఎనిమిది, తొమ్మిదేళ్ళుంటాయి. ఒళ్ళో ఒక ఇత్తడి చెంబు. పేరేమిటి నాయనా అంటే పలకలేదు. మీ ఊరేది అంటే పలకలేదు. చెవినుండి చీము కారుతున్నది. నేను ఏమనుకొన్నానో నాకు ఇంకా జ్ఞాపకమే. వీడు పక్క తడుపుతాడు, మిగతా పిల్లలకు జబ్బు అంటిస్తాడు, మాట్లాడనివాడికి చదువు ఎట్లా చెప్పేది అనుకొన్నాను. ప్రక్కనున్న పిల్లను దించాను. లారీ వెళ్ళిపోయింది.

దీనికి చోటు లేదన్న మాట సాకుగా చెప్పుకోవచ్చు. చాలా ఏళ్ళు అట్లాగే చెప్పుకొన్నాను. కాని నెల తిరగకుండానే ఒక పెద్దమనిషి ఉత్తరంతో మరి ఆరుగురు పిల్లలు వచ్చారు. వారు తుపాను పిల్లలుకూడ కారు. వారిని వరండాలో తడికె కట్టించి పడుకోబెట్టాము. అంటే చోటున్నది.

తర్వాత ఆ లారీ ఎక్కడికి వెళ్ళిందో విచారించాను. ఒకరు ఒక ఊరన్నారు, ఒకరు మరో ఊరన్నారు. రెండుచోట్లకూ ఉత్తరాలు రాశాను. ఒకచోటునుండి తమ దగ్గర అటువంటి పిల్లవాడు లేడని జవాబు వచ్చింది.

ఇదంతా విని అమ్మాయి, "అమ్మా, నీకు అప్పుడు ఇరవై ఎనిమిదేళ్ళే. ఆ పదిహేనుమంది బాగానే బ్రతికారు గదా" అంది. నిజమే. వారిలో ఒకామె ఇప్పుడు నర్సు, ఒకాయన పంచాయతీరాజ్‌లో ఇంజనీరుగా రిటైరయ్యాడు. క్రిస్మసుకు ఫోన్ చేస్తారు. ఆ మాట నాకు ఓదార్పు కాలేదు, వద్దనీ అనలేదు. మిగతాది చదవమన్నాను.

డోవర్‌కోర్ట్‌నుండి అన్నా పిన్ని తీసుకువచ్చినవారిలో బెర్లిను అనాథాశ్రమంనుండి వచ్చిన 13 ఏళ్ళ బాలుడొకడున్నాడు. తర్వాత లెస్లీ బ్రెంట్ అనే పేరుతో పెద్ద శాస్త్రజ్ఞుడయ్యాడు. ఒకరి శరీరభాగాన్ని మరొకరి శరీరం ఎట్లా స్వీకరించగలదు అనే విషయంమీద 1953లో వెలువడిన ప్రసిద్ధ పరిశోధనలో అతనిదీ పాలున్నది. అతని తల్లిదండ్రులను, అక్కను 1942లో చంపేశారు. మరొక పిల్లవాడు ఫ్రాంక్ అవర్‌బాక్, 1939లో ఎనిమిదేళ్ళు నిండకుండానే ఆ బడికి వచ్చాడు. తల్లిదండ్రులను మళ్ళీ చూడలేదు. ఇంగ్లండులో గొప్ప చిత్రకారుడై 2024లో చనిపోయాడు. ఇట్లాంటి పేర్లు పుస్తకాలవాళ్ళు ముందు చెబుతారు. తొమ్మిది వందలమందికి పైగా పిల్లలు ఆమె చేతిమీదుగా పెరిగారు. అందరూ పేరుమోసినవారు కారు, అంతమందికీ రాత్రి దుప్పటి కప్పింది మాత్రం ఒక్కటే ఇల్లు.

1940లో యుద్ధం ముదిరింది. వీళ్ళు జర్మనీవారు గనుక శత్రువులే అని మగ టీచర్లను, 16 ఏళ్ళు దాటిన పిల్లలలో కొందరిని నిర్బంధంలోకి తీసుకువెళ్ళారు. హిట్లరునుండి పారిపోయి వచ్చినవారిని హిట్లరు మనుషులని పట్టుకోవడం! ఆపైన బంగళా సైన్యానికి కావాలి, ఖాళీ చేయమన్నారు. కొద్ది రోజులే గడువు. అన్నా పిన్ని ష్రాప్‌షైర్ జిల్లాలో ట్రెంచ్ హాల్ అనే మరొక ఇల్లు వెతికి బడిని అక్కడికి మార్చింది. మంచాలు, గిన్నెలు, పుస్తకాలు, పిల్లలు. అప్పటికి ఆమెకు అరవై దాటింది, చూపు మందగిస్తున్నది. 1946లో తిరిగి బన్స్ కోర్ట్‌కు వచ్చారు.

యుద్ధం ముగిశాక మరో రకం పిల్లలు వచ్చారు. చంపే శిబిరాలలోనుండి బ్రతికి బయటపడినవారు. పోలెండునుండి వచ్చిన ఒక బాలుడు పెద్దయ్యాక, ఆ బడిలో గడిపిన రెండేళ్ళే తనను తిరిగి మనిషిని చేశాయని రాసుకొన్నాడు. ఆ పిల్లలు ఎట్లా ఉండివుంటారో నేను ఊహించగలను. పలకరిస్తే పలకరు. రొట్టె దాచుకొంటారు. పక్క తడుపుతారు. అన్నా పిన్ని అప్పటికి దాదాపు గుడ్డిది. వారిని కళ్ళతో చూసి ఎంచే అవసరమే ఆమెకు లేకపోయింది.

1948లో బడి మూసివేశారు. 1960లో చనిపోయే వరకు పాత విద్యార్థులకు ఉత్తరాలు రాస్తూనే ఉంది. వాళ్ళుకూడ ముసలివాళ్ళయ్యేవరకు కలుసుకుంటూనే ఉన్నారట.

ఇండియాకు తిరిగి వచ్చాక ఒకరోజు మా స్కూలుకు వెళ్ళాను. ఇప్పుడక్కడ బోర్డింగు లేదు, తరగతి గదులే. క్లర్కు అబ్బాయి మంచివాడు, బీరువా తీసి 1977 నాటి రిజిస్టరు ఇచ్చాడు. చెదలు అంచులు తిన్నాయి గాని నా చేతివ్రాత అట్లాగే ఉన్నది. పదిహేను పేర్లు, వాటి క్రింద నెల తర్వాత తేదీతో ఆరు పేర్లు. ఆ 34 మంది జాబితా లారీతోనే వెళ్ళిపోయింది గనుక మిగతా పందొమ్మిది పేర్లు మా దగ్గర ఉండవు.

ఇంటికి వచ్చి రాత్రి గిన్నెలు కడుగుకుంటుంటే నా చేతిలోని చెంబు తిప్పి చూశాను. మా అమ్మ నా పెళ్ళికి ఇచ్చింది. అంచు క్రింద నా పేరు, ఇంటిపేరు, ఊరు చుక్కలు చుక్కలుగా చెక్కించి ఉన్నాయి. మన ఇళ్ళల్లో ఏ ఇత్తడి చెంబు చూసినా ఎవరిదో ఒకరి పేరుంటుంది. ఆ పిల్లవాడు తన పేరు చెప్పలేదు, ఊరు చెప్పలేదు. చెంబు మాత్రం రెండు చేతులతో పట్టుకొని నావైపు పెట్టుకొనే కూర్చున్నాడు. నేను చెంబు చూశాను గాని దానిమీద ఏమి రాసి ఉన్నదో చదవలేదు.